సూది బెజ్జం దగ్గర పన్నెండేళ్ళు

పది కొట్టడానికి ఇంకా యాభై మూడు నిమిషాలున్నాయి. రేవు హాల్లోని గోడ గడియారం ఏళ్ళ తరబడి నాలుగు నిమిషాలు ముందే పరిగెడుతోంది కాబట్టి నిజానికి యాభై ఏడు, ఆ నాలుగు నిమిషాలూ ఎవరో తనకోసం విడిగా మూటగట్టి ఇచ్చినట్టు చిన్నది లోలోపల సంబరపడింది, సంబరపడ్డందుకు వెంటనే తనను తానే తిట్టుకుంది, నాలుగు నిమిషాల్లో ఏం వెలగబెడతావే అని. నలభై ఆరేళ్ళ మనిషిని చిన్నది అనడమేమిటంటే, అక్క తర్వాత ఆరేళ్ళకి పుట్టింది, ఇంట్లో పిలిచిన పిలుపు వీధిలోకి పాకింది, వీధిలోంచి కుట్టు దుకాణం బోర్డు మీదికి ఎక్కింది, ఇక దిగలేదు. పడవ కోసం వచ్చినవాళ్ళ మధ్య చెక్క బెంచీ మీద కూర్చుంది. ఒళ్ళో కుంచె. పక్కన చిన్న గిన్నెలో ముదురు నీలం రంగు. ఎదురుగా గోడ మీద అమ్మ. అమ్మ సూదిలో దారం ఎక్కిస్తోంది, ఎక్కడం లేదు. పది గంటలకి చిత్రకారుల మండలి నుంచి తనిఖీ అధికారి వస్తాడు. ఆలోపు ఈ కుంచెతో ఆ దారం చివర సూది బెజ్జంలో దూరినట్టు గోరంత గీత గీస్తే అమ్మ ఎప్పటికీ గోడ మీదే ఉంటుంది, కానీ ఇక కదలదు. గీయకపోతే గోడకి సున్నం. ముందు నుయ్యి, వెనక గొయ్యి, మధ్యలో తను, ఒళ్ళో కుంచె.

ఆ ఊళ్ళో బొమ్మలు పూర్తయ్యేదాకా కదులుతాయి. అందులో వింతేమీ లేదు, పాలు కాస్తే పొంగినట్టే, బొమ్మ మొదలుపెడితే కదులుతుంది, చివరి గీత పడగానే నిలిచిపోతుంది. అందుకే మండలివాళ్ళు తొందరగా పూర్తిచెయ్యమంటారు. పూర్తికానిది బొమ్మ కాదు, అల్లరి అంటారు. వాళ్ళ బాధ వాళ్ళది, పాపం, ధాన్యం కొట్టు గోడ మీద తోక మిగిలిన గుర్రం రోజంతా తన్నుతుంటే లోపల బస్తాలు దొర్లేవి, నగర పెద్దగారి బొమ్మకి మీసం కొస మిగిలిపోయి, సభలో ఆయన మాట్లాడుతున్నంతసేపూ వెనక గోడ మీద ఆయనే ఆవలించాడు. చిన్నదానికి ఆ ఆవలింత గుర్తొచ్చి బెంచీ మీదే నవ్వొచ్చింది. పక్కన కూర్చున్నాయన తలతిప్పి చూశాడు. ఆయన సున్నం మేస్త్రీ. కాళ్ళ మధ్య బకెట్టు, బకెట్టులో సున్నం, సున్నంలో నిలువునా ముంచిన పెద్ద కుంచె. ఇద్దరూ ఒకే గోడ కోసం వచ్చారు, ఇద్దరి దగ్గరా కుంచెలే, ఒకటి చీపురంత, ఒకటి చీపురు పుల్లంత.

"నవ్వుతున్నావేంటమ్మా? నీ మొహం చూసి నేనేమో ఏడుపు మొహం పెట్టుకు కూర్చున్నా" అన్నాడు మేస్త్రీ.

"నవ్వొచ్చింది బాబాయ్."

"నవ్వు నవ్వు. పది దాకా నేనేం కదల్ను. ఆయనొచ్చి తలూపితేనే బకెట్టు ఎత్తేది."

మంచివాడే. మంచివాడు కావడమే వచ్చిన చిక్కు, చెడ్డవాడైతే బకెట్టు తన్నేసి ఉండేది. సున్నం వాసన తడిసిన గోడ వాసనలా చల్లగా వచ్చి ముక్కులో కూర్చుంది, చిన్నప్పుడు ఈ హాల్లో ఇదే వాసన, ఇదే మూల, అమ్మ ఇక్కడే కింద చాప పరుచుకుని పడవ వచ్చేలోపు కుట్టిపెట్టేది, ఊడిన బొత్తాలు, చిరిగిన సంచులు, వదిలిపోయిన అంచులు, పెళ్ళికెళ్తున్న పెద్దమనిషి చొక్కా వీపు మీద చిరిగితే ఆయన్ని వెనక్కి తిప్పి నిలబెట్టి ఒంటిమీదే కుట్టేసింది, పడవ కూత వేసింది, పళ్ళతో దారం తెంపింది, పరిగెత్తు బాబూ అంది. అక్క అప్పుడు గోడ మీద బొగ్గుతో గీస్తుండేది, తను అమ్మకి సూదులు అందిస్తుండేది. ఇద్దరి చేతుల గీతలూ అక్కడే తేలిపోయాయన్నమాట. అక్క మండలిలో చేరింది, మొహాలు గీయడంలో పేరు తెచ్చుకుంది, బొమ్మ పూర్తిచేసిన ప్రతి రోజూ ఇంటికొచ్చి అన్నం ముందు ఏడ్చేది. ఒకసారి ఎవరి పసిపాపనో గీసింది, ఆ పాప నాలుగు రోజులు గుడ్డమీద బోర్లాపడి ఆడింది, ఐదోరోజు చివరి గీతగా బుగ్గ సొట్ట పెట్టింది, పాప నోరు సగం తెరిచి నిలిచిపోయింది. ఏదో అనబోయిందే అది, అనబోయిందే, నేను ఆపేశాను, అని అక్క కంచం పక్కకి నెట్టింది. ఆ వేళ తను ఎవరో అమ్మాయి గౌనుకి కింద అంచు మడుస్తోంది. అంత గుడ్డ లోపలికి మడిచి పారేస్తావేంటే అని అక్క అడిగింది. పారేయడం కాదు అక్కా, పిల్ల పెరుగుతుంది కదా, విప్పుకోవడానికి వదులుతాం, అంది తను, మామూలుగా, దర్జీలందరూ అనే మాటే. అక్క లేచి నిలబడింది. మడత పట్టుకుని అటూ ఇటూ తిప్పి చూసింది. కత్తిరింపు కాగితం ఒకటి లాక్కుని దాని వెనక రాసింది: "పూర్తయినది ఆగుతుంది. మిగిలినది బతుకుతుంది. కాబట్టి మిగల్చండి." అంతే, మిగులువాదం పుట్టింది, కాగితానికి అటువైపు ఒక లావుపాటావిడ జాకెట్టు కొలతలున్నాయి, ఇప్పటికీ ఉన్నాయి, వాదులు ఆ కాగితాన్ని అద్దం వేసి గోడకి తగిలించుకున్నారు, ఎంతోమంది దాని ముందు చేతులు కట్టుకుని నిలబడతారు.

పదకొండుమంది చేరారు. ఊరు వాళ్ళకి అరకొరగాళ్ళని పేరు పెట్టింది. పెడితే పెట్టనీ అని వాళ్ళే బోర్డు రాయించుకున్నారు, చివరక్షరం వదిలేసి. ఎంత మిగల్చాలన్న దాని మీద మూడేళ్ళు కొట్టుకున్నారు, గోరంత చాలన్నవాళ్ళు కొందరు, సగం ఉండాలన్నవాళ్ళు కొందరు, ఒక పొడుగాయన మాత్రం అసలేమీ గీయని గోడే అన్నిటికన్నా ఎక్కువ బతికున్నట్టు అని వాదించి, ఏమీ గీయకుండానే పెద్ద చిత్రకారుడనిపించుకున్నాడు. అన్నిట్లోకీ వాళ్ళు గట్టిగా పట్టుకున్నది ఒక ఆచారం. బొమ్మలో మిగిల్చిన గీతని ఎవరికో ఒకరికి అప్పగిస్తారు, ఆ మనిషిని మిగులుదారు అంటారు, గీసినవాళ్ళు కుంచె ఆ చేతిలో పెట్టి గోడకి వీపు తిప్పేస్తారు, ఇక ఆ బొమ్మని ముట్టరు. మిగులుదారుకి ఒక్క గీత గీసే హక్కుంటుంది, దాన్ని వాడకుండా కాపాడటమే మర్యాద. అమ్మ పోయిన ఏడాదికి అక్క ఈ గోడ మీద అమ్మని గీసింది, టికెట్ల కిటికీ పక్కన, అమ్మ కూర్చునే మూలలోనే, గీసి గీసి దారం కొస దగ్గర ఆగింది, పీట దిగి వచ్చి కుంచె చెల్లెలి చేతిలో పెట్టింది. పన్నెండేళ్ళు. పొద్దున్నే దుకాణానికి వెళ్తూ ఈ హాల్లోంచి అడ్డంగా నడిచి, వస్తానమ్మా అని, సాయంత్రం వచ్చేశానమ్మా అని. అమ్మ తల ఎత్తేది కాదు. దారం కొస నోట్లో తడుపుకుని, కళ్ళు చికిలించి, బెజ్జం మీదికి తెచ్చి, తప్పి, తనలో తను నవ్వుకుని, మళ్ళీ తడిపేది. ఆ నవ్వు చూడటానికే పడవ ఎక్కనివాళ్ళు కూడా వచ్చేవాళ్ళు. పన్నెండేళ్ళలో ఒక్కసారైనా ఇటు చూసుంటే ఎంత బాగుండును అని చిన్నది అనుకోని రోజు లేదు, కానీ ఆ మాట అక్కతో అనలేదు, అక్క గీసిందాంట్లో వంక పెట్టినట్టవుతుందని.

గడియారం తొమ్మిదీ ఇరవై ఎనిమిది చూపిస్తోంది. ఎర్ర పడవ వచ్చింది, హాలు సగం ఖాళీ అయింది, దిగినవాళ్ళతో మళ్ళీ నిండింది, ఎవరిదో గొడుగు తన మోకాలికి తగిలింది, చూసుకోండమ్మా అన్నారు, అన్నదెవరో తను చూడలేదు, కళ్ళు గోడ మీదే. పోయినేడు మండలి కొత్త నియమం అంటించింది. ఏడాది పాటు కుంచె తగలకుండా పడి ఉన్న బొమ్మని వదిలేసిన బొమ్మ కింద లెక్కగట్టి సున్నం కొడతారు. పూర్తయిన బొమ్మల జోలికి రారు. ఏడాది గడువు ఈరోజు పదింటికి తీరుతుంది. అక్క ముట్టదు, ఆచారం. వేరేవాళ్ళు ముట్టకూడదు, హక్కు లేదు. మిగిలింది చిన్నది, చిన్నదాని ఒక్క గీత. నిన్న సాయంత్రం మిషను పక్కన నిలబడి అక్కతో పోట్లాడింది. "సున్నం కింద పెట్టమంటావా అమ్మని?" అంటే అక్క మిషను మీది దారపు ముక్కలు ఏరింది. తర్వాత చిన్నగా అంది, "ఆగిపోయిన అమ్మని ఒకసారి చూశానే. చాలు. రెండోసారి నా బొమ్మలో చూడలేను. గీత నీది, నీ ఇష్టం." పొద్దున తనే నీలం రంగు కలిపిచ్చింది. ఇప్పుడు బయట మెట్ల మీద గోడకి వీపు పెట్టి కూర్చుంది, మిగులుదారు నిర్ణయించుకునేటప్పుడు గీసినవాళ్ళు చూడకూడదు, అదీ ఆచారమే, ఇన్ని ఆచారాలు ఎందుకు పెట్టుకున్నావే మహాతల్లీ.

"బాబాయ్" అంది చిన్నది, "కదిలే బొమ్మ మీద సున్నం కొడితే ఏమవుతుంది?"

మేస్త్రీ గడ్డం గోక్కున్నాడు. "చెప్పమంటావా, వద్దా?"

"చెప్పు."

"ఆ ధాన్యం కొట్టు గుర్రానికి నేనే కొట్టా. మూడు పూతలు. తర్వాత మూడ్రోజులు గోడకి చెయ్యి ఆనిస్తే లోపల తన్నుడు తెలిసేది. నాలుగో రోజు నేనిక వెళ్ళలేదమ్మా."

ఆ మాట చల్లటి గుండుసూదిలా దిగింది. అంటే లోపల చీకట్లో అమ్మ. తెల్లటి చీకట్లో, కళ్ళు చికిలించి, దారం తడుపుకుంటూ, కనబడని బెజ్జం కోసం. నవ్వుతుందా అప్పుడు కూడా? నవ్వుతుంది, అమ్మ కదా, ఆ నవ్వే భరించలేనిది. చిన్నది లేచింది. ఎప్పుడు లేచిందో తనకే తెలియలేదు, గిన్నె ఒక చేతిలో ఉంది, కుంచె నీలంలో మునిగి ఉంది, గడియారం తొమ్మిదీ నలభై ఆరు. గోడ దగ్గరికి నడిచింది. ఇంత దగ్గరగా ఎప్పుడూ రాలేదు, మిగులుదారులు గోడకి చేరువగా రారు, చెయ్యి తొందరపడుతుందని. ఇక్కణ్ణుంచి అమ్మ చేతి నరాలు కూడా కనిపిస్తున్నాయి, బొటనవేలి మీద సూది గుచ్చుకున్న నల్ల చుక్కలు కూడా, అక్క ఎంత గుర్తుపెట్టుకుందో. దారం కొస వచ్చింది, బెజ్జం పక్కనుంచి జారింది, అమ్మ నవ్వింది. చిన్నది కుంచె ఎత్తింది. ఒక్క గీత. సరే, ఆగిపో అమ్మా, చీకటికన్నా ఆగిపోవడమే నయం, వెలుతుర్లో నవ్వుతూ ఆగిపో. నవ్వు ఉన్నప్పుడే గీయాలి, మొహం చికిలించినప్పుడు కాదు, ఇంకో సారి తడుపు, ఇంకో సారి, నవ్వు దగ్గర పట్టుకుంటాను నిన్ను. దర్జీ కన్ను కదా, బెజ్జం ఎక్కడుందో అక్కడే నిలిచింది. దారం వచ్చింది. కానీ ఇది ఎక్కాక ఏం కుడుతుంది?

కుంచె గాల్లో ఆగింది.

ఏం కుడుతుంది? ఆ ప్రశ్న ఎవరో పక్కనుంచి అడిగినట్టు వినిపించింది. సూదిలో దారం ఎక్కించడం పని అయిపోవడమా? ఏ దర్జీకి? రోజుకి యాభైసార్లు ఎక్కిస్తుంది తను, ఎక్కించాకే కదా పని మొదలయ్యేది, ఎక్కించి లేచి వెళ్ళిపోయే దర్జీ ఉంటుందా లోకంలో? అమ్మ ఒళ్ళోకి చూసింది. ఒళ్ళో ఏమీ లేదు. చీర కుచ్చిళ్ళున్నాయి, అంతే. కుట్టడానికి గుడ్డ లేదు! పన్నెండేళ్ళుగా అమ్మ చేతిలో పని లేకుండా సూది పట్టుకు కూర్చుంది. అక్క కుట్టు నేర్చుకోలేదు, అక్కకి తెలిసింది అమ్మ మొహం, అమ్మ వేళ్ళు, అమ్మ నవ్వు, దారం ఎక్కితే కథ అయిపోయిందనుకుంది. పదకొండుమంది వాదులు ఈ బొమ్మ ముందు నిలబడి గంటలు గంటలు మాట్లాడారు, లోపం గురించి, శూన్యం గురించి, ఒక్కడికీ బొత్తాం కుట్టుకోవడం రాదు. వాళ్ళ సంగతి సరే, తనకేమైంది? తను దర్జీ కదా! కాపలావాడు తలుపుని చూసినట్టు తను ఆ బెజ్జాన్నే చూసింది, ఇల్లు చూడలేదు. ఒక్క గీత నీ హక్కు అన్నారు గానీ, అది చివరి గీతే కావాలని ఎవరన్నారు? ఎక్కడ రాసుంది? కాగితం మీద మూడే వాక్యాలున్నాయి, వెనక జాకెట్టు కొలతలు. అందరూ అనుకున్నారు, తనూ అనుకుంది, పన్నెండేళ్ళు అనుకుంటూనే ఉన్నారు. చిన్నదానికి కడుపులోంచి నవ్వు తన్నుకొచ్చింది, గీత వంకరపోతుందేమోనని పెదవి కొరుక్కుంది. కుంచె కిందికి దించింది, సూది దాటి, మణికట్టు దాటి, ఒళ్ళోకి. ఏం గీయాలో చేతికి తెలుసు. ఇరవై ఎనిమిదేళ్ళుగా సుద్దముక్కతో గీసిన వంపు, చంక వంపు, భుజం నుంచి కిందికి జారి, లోపలికి తిరిగి, పక్క కుట్టు దగ్గర బయటికొచ్చే వంపు. ఒక్క ఊపిరిలో గీసింది. నీలం గీత తడిగా మెరిసింది. ఒకే ఒక్క వంపు, దానికి చెయ్యి లేదు, మెడ లేదు, వీపు లేదు, గుడ్డంతా ఇంకా లేదు.

అమ్మ ఆగింది.

మేస్త్రీ బకెట్టు పిడి మీద చెయ్యి వేసి లేచి నిలబడ్డాడు. తప్పు చేశానా, ఇదే చివరి గీత అయిపోయిందా, ఆపేశానా నేనే. అమ్మ తల వంగింది. ఒళ్ళోకి చూసుకుంది. వేలితో ఆ వంపుని ఒకసారి తడిమింది, బిగువు చూసినట్టు. దారం తడుపుకోనేలేదు, సూదిని వెలుతురు వైపు తిప్పింది, ఒకే ఒక్క పోటు, దారం బెజ్జంలోంచి అటువైపు వచ్చింది. ముడి వేసింది. పన్నెండేళ్ళు తప్పిన చెయ్యేనా ఇది! పని కనబడితే అమ్మ చెయ్యి ఎప్పుడు తప్పింది గనక. హాలు ఒక్కసారిగా కేక పెట్టింది, ఎవరో ఈలవేశారు, మేస్త్రీ కండువాతో కళ్ళు తుడుచుకుని, దుమ్ము బాబూ దుమ్ము అన్నాడు.

"వేసేశావా?" బయటి మెట్ల మీంచి అక్క గొంతు, తల తిప్పకుండా, కీచుగా.

"వేశాను!"

"ఆగిపోయిందా?"

"వచ్చి చూడు!"

"చూడకూడదే! ఆచారం!"

"పెట్టింది నువ్వేగా, తీసెయ్!"

అక్క వచ్చింది. చెప్పులు మెట్ల మీదే వదిలేసి, యాభై రెండేళ్ళ మనిషి, ఒక మహావాదానికి వ్యవస్థాపకురాలు, పరిగెత్తుకుంటూ వచ్చింది. గోడ ముందు నిలబడి నోరు తెరిచింది. "నేను వదిలింది అక్కడ కాదే" అంది మొదట, కోపంగా, గురువుల గొంతుతో. తర్వాత అమ్మ మొదటి కుట్టు వేయడం చూసింది. రెండోది చూసింది. "గుడ్డ లేదు కదే ఒళ్ళో" అంది నెమ్మదిగా. "గుడ్డ పెట్టలేదు నేను. కుట్టే మనిషికి." చెల్లెలి వీపు మీద ఒక్కటి చరిచింది, గట్టిగానే, చిన్నప్పటి లాగే. "పన్నెండేళ్ళు నోరు మూసుకు కూర్చున్నావేంటే!"

"నాకూ ఇప్పుడే కనిపించింది అక్కా."

ఈ గోలలోనే తనిఖీ అధికారి వచ్చాడు, సరిగ్గా పదింటికి, కాగితాల సంచీతో, చెమటతో, అందరూ తన వైపు తిరిగినందుకు బెదిరినట్టు. గోడ చూశాడు. గీత మీద వేలు పెట్టి చూశాడు, వేలికి నీలం అంటింది. కాగితం తీశాడు. "పూర్తయిందా అండీ ఇది?"

"లేదండీ" అంది చిన్నది. "ఇప్పుడే మొదలైంది."

"ఇంకా ఎంత ఉంది?"

"రెండు చేతులు, మెడ, వీపు, కాజాలు. అందులో నాకు ఇక గీత లేదు, ఈ కుంచె అందుకుని వీళ్ళలో ఎవరో ఒకరు గీయాలి."

ఆయన కలం చెవిలో తిప్పుకున్నాడు. కుంచె తగిలింది, పని జరుగుతోంది, నియమం ప్రకారం ఇంకో ఏడాది గడువు. వచ్చే ఏడాది ఎవరో ఒకరు ఒక గీత వేస్తే మళ్ళీ ఏడాది. ఈ లెక్కన ఈ గోడకి సున్నం ఎప్పుడు పడుతుందో ఆయనకి అంతుబట్టలేదు. మేస్త్రీ సాయం చేశాడు, "మా మనవలు కొడతార్లెండి." అందరూ నవ్వారు, ఆయన కూడా నవ్వకుండా ఉండలేక, నవ్వుతూనే సంతకం పెట్టాడు.

అప్పుడు అమ్మ పళ్ళతో దారం తెంపి తల ఎత్తింది. కుట్టే మనిషికి ఎవరికి కుడుతోందో చూసుకోవాలి కదా, ఎత్తక తప్పదు కదా. ఎదురుగా ఎవరుంటే వాళ్ళని చూసింది, ఎదురుగా చిన్నది ఉంది. ఆ చూపులో గుర్తుపట్టడం ఉందా అంటే చిన్నది ఆ తర్వాత ఎంతమందికి చెప్పినా ఒక్కోసారి ఒక్కోలా చెప్పింది. అప్పటికి మాత్రం అమ్మ కళ్ళు ఆమె భుజం మీద, చేతి మీద, నడుం మీద కొలుస్తూ ఆగుతూ దిగాయి, కనుబొమ్మ ఒకటి పైకి లేచింది, సూది పట్టుకున్న చెయ్యి గాల్లో ఒక చుట్టు తిప్పింది. తిరుగు, వెనక్కి తిరుగు. చిన్నది గిన్నె అక్క చేతిలో పెట్టేసి, నిండు హాల్లో, రెండు చేతులూ పక్కలకి చాచి, నిటారుగా, వీపు గోడవైపు చేసి నిలబడింది. కళ్ళలోంచి నీళ్ళు కారుతున్నాయి, మొహం నిండా నవ్వుంది. పదింటి పడవ ఎక్కాల్సినవాళ్ళు ఇంకా అక్కడే ఉన్నారు. మేస్త్రీ వచ్చి ఆమె పక్కన అలాగే నిలబడ్డాడు. ఆయన పక్కన ఇంకెవరో. తనిఖీ అధికారి కాగితాలు సంచిలో పెట్టుకుని, గుమ్మం దాకా వెళ్ళి, అటూ ఇటూ చూసి, తిరిగొచ్చి వరుసలో చివర నిలబడి, పొట్ట లోపలికి పీల్చాడు.